రొయ్య మీసాలకు హెచ్చరిక

నా భార్య ముఖాన్ని ప్రభుత్వం అక్షరాలతో కప్పేసింది. ఇది ఆరోపణ కాదు. ఆరోపణ అయితే విచారణ జరగాలి. విచారణ ముందే జరిగింది, కప్పమని తేలింది, కప్పారు.

ఆమె పేరు సామ్రాజ్యం. సముద్రం ఒడ్డున మా పాలెంలో రొయ్యల షెడ్డులో పని చేసేది. షెడ్డు పని తెలియనివాళ్లకు చెబుతాను. ఐసులో వేసిన రొయ్యల్ని బల్ల మీద గుట్టగా పోస్తారు. ఆడవాళ్లు చుట్టూ నిలబడి తలకాయ తుంచి, పెంకు ఒలిచి, నరం లాగి, కండను పక్కన వేస్తారు. పొద్దున నిలబడితే సాయంత్రం దాకా అదే పని. చేతులు ఐసులో ఉంటాయి కాబట్టి ముందు మొద్దుబారతాయి. తర్వాత నానతాయి. కొన్నేళ్లకు వేళ్ల చివరలు తెల్లగా పాలిపోయి, తోలు పొరలు పొరలుగా లేచి, గోళ్లు వదులై ఊడిపోతాయి. గోళ్లు ఊడినవాళ్లను షెడ్డులో సీనియర్లంటారు. సామ్రాజ్యం సీనియరు.

షెడ్డు ఆడవాళ్లకు ఇంకొక అలవాటు ఉంటుంది. నవ్వు వస్తే అరచేత్తో నోరు మూసుకోరు. చేతికి రొయ్యల కంపు ఉంటుంది. మణికట్టు వెనకభాగం నోటికి అడ్డం పెట్టుకుంటారు. వేళ్లు బయటికి వేలాడుతుంటాయి. ఇంట్లో కూడా అట్లాగే నవ్వేది. చేతులు కడుక్కున్నాక కూడా.

ఆ షెడ్డుకు ఒక సినిమా వచ్చింది. పేరు 'పెంకు'. డైరెక్టరు చక్రధర్ కుర్రవాడు, గడ్డం ఉన్నవాడు. ఇది సైన్సు భయం సినిమా అని చెప్పాడు. నాకు అలాంటివి కొత్త కాదు. టూరింగు టాకీసులో నేల టిక్కెట్టు మీద చాలా చూశాను. కథ ఎప్పుడూ ఒకటే. తెల్లకోటు వేసుకున్నవాడొకడు ప్రయోగం చేస్తాడు. వద్దని ఒకరు చెబుతారు. వినడు. ఎవరికో తోకో, పొలుసులో మొలుస్తాయి. ఆ తర్వాత గాజుసీసాలు పగులుతాయి. చివర్న తెల్లకోటువాడు బాధపడతాడు. అసలు మనుషుల్లో బాధపడిన తెల్లకోటువాణ్ణి నేను ఇంతవరకు చూడలేదు.

ఈ సినిమాలో తెల్లకోటువాడు రొయ్యలు తొందరగా పెరగడానికి మందు కనిపెడతాడు. అది షెడ్డు ఆడవాళ్ల టీలో కలుస్తుంది. మొదట తాగిన ఆవిడకు మీసాలు మొలుస్తాయి, వీపు మీద పెంకు కడుతుంది, కళ్లు కాడల మీదికి పొడుచుకొస్తాయి. ఆ మొదట తాగే మనిషిగా చక్రధర్ సామ్రాజ్యాన్ని ఎంచుకున్నాడు.

"ఏందయ్యా, రొయ్యను చెయ్యడానికి నీకు నేనే దొరికానా?" అని అడిగింది.

"మీ ముఖంలో భయం ఉంది పిన్నిగారూ. అది అందరికీ రాదు" అన్నాడు చక్రధర్.

"అది భయం కాదు నాయనా, నిద్ర."

పక్కన రాహేలు ఉంది. రాహేలు, సామ్రాజ్యం ఏళ్ల తరబడి ఒకే బల్ల దగ్గర ఒలిచారు. నన్ను అన్నా అంటుంది. నోటికి గొళ్లెం ఉండదు. "ఒప్పుకో వదినా. మా అన్నకెట్టాగూ మీసం సరిగా రాదు. నీకన్నా వస్తే ఇంట్లో ఒకరికి ఉన్నట్టుంటది" అంది.

షెడ్డంతా మణికట్లు అడ్డం పెట్టుకుని నవ్వారు.

మీసాలు, పెంకు అతికించడానికి మేకప్ మనిషి వచ్చాడు. ముఖానికి పొద్దంతా పట్టింది. చేతుల దగ్గరికి వచ్చేసరికి చూసి, తన డబ్బా మూసేశాడు. "వీటికి నేను చేసేదేమీ లేదు" అన్నాడు. అది మెచ్చుకోవడమో ఏమిటో తెలియక సామ్రాజ్యం సరేనంది.

మీసాలు రాకముందు సీను ఒకటుంది. ఆమె టీ తాగి గ్లాసు కింద పెట్టాలి, అంతే. సహజంగా ఉండాలని చక్రధర్ బతికున్న రొయ్యల తొట్టి తెప్పించాడు. కెమెరా తిరుగుతుండగా అందులోంచి ఒకటి ఎగిరి అతని చొక్కాలో పడింది. అతను గెంతుతుంటే ఈమె తల వెనక్కి వేసి నవ్వింది. మణికట్టు నోటికి అడ్డం వెళ్లింది. కెమెరా ఆగలేదు. నేను గుమ్మం దగ్గర నిలబడి చూశాను. మా పెళ్లయ్యాక ఆమె అంత నవ్వు నవ్వడం నేను చూడలేదు. దానికి కారణం నేను కాదని అప్పుడు కాస్త కోపం కూడా వచ్చింది.

వానాకాలంలో ఆమెకు జ్వరం వచ్చింది. పెద్దాసుపత్రిలో చేర్చాను. గోవర్ధనం అనే పెద్ద డాక్టరు మంచాల మధ్య నుంచి నడిచి వెళ్లేవాడు. మంచానికి కట్టిన కాగితం చూసి "చూద్దాం" అనేవాడు. ముఖం చూడలేదు. చూద్దామన్నాడు కాబట్టి ఎప్పుడో చూస్తాడనుకున్నాం. ఆ లోపల ఆమె పోయింది.

ఇంట్లో ఆమెది ఒక్కటే ఫోటో, ఆధార్ కార్డు మీదది. అందులో ఆమె ఏదో పోగొట్టుకుని వెతుకుతున్నట్టు ఉంటుంది. నేను చక్రధర్‌కు ఫోన్ చేశాను. "ఆ నవ్వు ఉందా?" అని అడిగాను.

"ఉంచాను బాబాయ్. కథకు అడ్డమే. అయినా తీయబుద్ధి కాలేదు. పెద్ద తెర మీద చూద్దురుగాని" అన్నాడు.

నాకు ఇక కావలసింది అదొక్కటే. ఆ నవ్వు పెద్ద తెర మీద చూడాలి. సినిమా బాగుంటుందా ఆడుతుందా అనేది నాకు అనవసరం.

సినిమా వస్తుందని టీవీలో తునకలు వేశారు. అవి చూసిన పెద్దమనిషి ఒకాయన మర్నాడు స్నానం చేస్తూ వీపు తడుముకుంటే గరుకుగా తగిలింది. పెంకు కడుతోందని ఇంట్లోవాళ్లను పిలిచాడు. అది చెమటకాయలని డాక్టర్లు తేల్చారు. కానీ పెద్దమనిషి వీపు కావడం వల్ల విషయం అక్కడితో ఆగలేదు. రాష్ట్ర స్థాయిలో ఒక సంఘం వేశారు. దాని పేరు రూపాంతర దృశ్య ప్రజారోగ్య హెచ్చరికల సంఘం. అధ్యక్షుడిగా శేషాచలపతి అనే రిటైరైన అధికారిని పెట్టారు. ఆయన మొదటి రోజే పత్రికలవాళ్లను పిలిచి మాట్లాడాడు.

"తెర మీద సిగరెట్టు వెలిగిస్తే మూలన హెచ్చరిక వేస్తున్నాం. సీసా తెరిస్తే వేస్తున్నాం. మనిషి మనిషిగా ఉండటం మానేసి జలచరంగా మారుతుంటే మాత్రం చేతులు కట్టుకుని కూర్చున్నాం. ఇది బాధ్యతాయుతమైన పరిపాలన అనిపించుకుంటుందా?"

అనిపించుకోదని అందరూ రాసుకున్నారు.

నాకు ఫోన్ వచ్చింది. "రూపాంతరం చెందిన సామ్రాజ్యం గారి భర్తేనా మీరు?" అని అడిగారు. అవునన్నాను. భార్యను తీసుకుని రమ్మన్నారు. ఆమె పోయిందని చెప్పేలోపు ఫోన్ పెట్టేశారు. రాహేలు తోడొచ్చింది. "నువ్వొక్కడివే పోతే గుమ్మానికి ఆనుకుని నిలబడి తిరిగొస్తావన్నా. నాకు తెలవదా నీ సంగతి" అంది.

సంఘం సినిమా చూసే చిన్న హాల్లో కూర్చుంది. మెత్తటి కుర్చీలు, ముందు బల్ల, బల్ల మీద జీడిపప్పు బిస్కెట్లు. శేషాచలపతి మధ్యలో ఉన్నాడు. ఆయన పక్కన వైద్య నిపుణుడిగా గోవర్ధనం ఉన్నాడు. చక్రధర్ ఒక మూల నిలబడి ఉన్నాడు. గడ్డం గీయించుకొచ్చాడు. ముఖం చిన్నదైపోయింది.

"సదరు మహిళ హాజరయ్యారా?" అని అధ్యక్షుడు అడిగాడు.

"చనిపోయింది" అన్నాను.

"రూపాంతరం వల్లనా?"

"జ్వరం వల్ల."

"జ్వరం వచ్చిన సమయంలో మీసాలు ఉన్నాయా?"

"లేవు."

"అంటే రాలిపోయాయి."

"అతికించినవి. పీకేశారు."

"వైద్య పర్యవేక్షణలో పీకారా?"

కొబ్బరినూనె పెట్టి పీకారని రాహేలు చెప్పింది. గోవర్ధనం తల అడ్డంగా ఊపాడు. అధ్యక్షుడు నిట్టూర్చాడు. "సదరు మహిళ స్వయంగా వచ్చి పూర్వరూపం పొందినట్టు సంఘానికి కనపడితే హెచ్చరిక చిన్న అక్షరాలతో సరిపెట్టే వెసులుబాటు ఉంది. ఆమె కనపడే పరిస్థితి లేదు. కనుక సంఘం దృష్టిలో ఆమె ఇప్పటికీ రొయ్యే."

సినిమా వేశారు. అది మీసాల సీనుతోనే మొదలవుతుంది, వెనకటి కథ తర్వాత వస్తుంది. మీసాల దగ్గర గోవర్ధనం చెయ్యెత్తి ఆపించాడు. కుర్చీలోంచి లేచి తెర దగ్గరికి వెళ్లాడు. నా భార్య చెంపలు, కణతలు, గడ్డం కింద, చెవుల వెనక, అంగుళం అంగుళం చూశాడు. వెనక్కి తిప్పించి మళ్లీ చూశాడు. అంత శ్రద్ధ గల డాక్టరని నాకు అప్పుడే తెలిసింది.

"ఈమె మీ వార్డులోనే పోయింది" అన్నాను.

ఆయన ఆలోచించాడు. "అలాగా? అప్పుడు ముఖం ఇలా లేదేమో."

"అప్పుడు చూస్తే గదా సారూ తెలిసేది" అంది రాహేలు.

అధ్యక్షుడు బల్ల మీద తట్టి, ముఖాన్ని కప్పేలా హెచ్చరిక వేయాలని చెప్పాడు. 'రూపాంతరం ఆరోగ్యానికి హానికరం. రొయ్యగా మారడం ప్రాణాంతకం.' మార్పు ఎంత ఉంటే అక్షరాలు అంత ఉండాలి. ముఖమంతా మారింది కాబట్టి ముఖమంతా అక్షరాలు ఉండాలి.

మీసాల ముఖం పోతే పోయింది. అది మేకప్ మనిషి ముఖం. నేను వచ్చింది టీ సీను కోసం.

టీ సీను వచ్చింది. రొయ్య ఎగిరింది. ఆమె నవ్వింది. హాల్లో ఎవరో నవ్వారు కూడా. గోవర్ధనం మళ్లీ చెయ్యెత్తాడు.

"ఇక్కడ కూడా వేయాలి. వ్యాధి శరీరంలోకి ప్రవేశించాక లక్షణాలు బయటపడని దశ ఒకటి ఉంటుంది. అదే ఎక్కువ ప్రమాదం. ఈ మహిళ ఇప్పుడే టీ తాగింది. చూడ్డానికి ఆరోగ్యంగా ఉంది. ప్రజలు మోసపోతారు."

చక్రధర్ ముందుకొచ్చాడు. "సార్, కావాలంటే వరస మారుస్తాను. ముందు నవ్వుతుంది, తర్వాత తాగుతుంది. అప్పుడు నవ్వేటప్పుడు ఆరోగ్యంగానే ఉన్నట్టు గదా?"

సంఘం గుసగుసలాడుకుంది. అధ్యక్షుడు గొంతు సవరించుకున్నాడు. "ముందు నవ్వి తర్వాత రొయ్య అయితే, రొయ్య కావడానికి నవ్వే కారణమని సామాన్య ప్రజానీకం భావించే ప్రమాదం ఉంది. నవ్వు పట్ల అపోహలు కలిగించడం ఈ సంఘం ఉద్దేశం కాదు."

కాబట్టి నవ్వును కూడా కప్పమన్నారు. నవ్వు చప్పుడు వినపడితే కప్పిన ప్రయోజనం నెరవేరదని దాని మీద హెచ్చరికను గంభీరమైన గొంతుతో చదివించమన్నారు. ఆమె గ్లాసు అందుకున్నవాళ్లకు అంటుకుని ఉండొచ్చు కాబట్టి వాళ్ల ముఖాలూ కప్పమన్నారు. వాళ్లు షెడ్డంతా తిరిగారు కాబట్టి షెడ్డునూ కప్పమన్నారు. చివరికి తెల్లకోటువాడొక్కడు మిగిలాడు. ఆయన చదువుకున్నవాడు, జాగ్రత్తలు తీసుకునే ఉంటాడని గోవర్ధనం చెప్పడంతో ఆయన్ను వదిలేశారు.

నేను లేచాను. "అయ్యా, నా ఇంట్లో ఆమె నవ్వు ఫోటో కూడా లేదు. ఆ ఒక్క చోట వదలండి" అన్నాను. జీవితంలో నేను ఒక అధికారిని అడుక్కోవడం అదే. ఇంకెప్పుడూ అడగలేదు.

"మీ బాధ అర్థమైంది" అన్నాడు అధ్యక్షుడు. అర్థమైందని అన్నవాళ్లు ఆ తర్వాత ఏం చేస్తారో అందరికీ తెలుసు. ఆయన బిస్కెట్టు తీసుకున్నాడు.

అప్పుడు గోవర్ధనం తెర మీద వేలు పెట్టి చూపించాడు. "ఇక్కడ చూడండి. ముఖం కన్నా ఈ చేతులు ఘోరంగా ఉన్నాయి. వేళ్ల కొసలు చూడండి. తోలు చూడండి. రూపాంతరం మొదట చేతుల్లో మొదలైందన్నమాట. మేకప్ ఎవరిదో గానీ అద్భుతంగా చేశారు."

చక్రధర్ నేల చూశాడు. "మేకప్ కాదు సార్" అన్నాడు.

"మరి?"

రాహేలు లేచి వెళ్లి తన రెండు చేతులూ కొంగులోంచి తీసి బల్ల మీద, బిస్కెట్ల పళ్లెం పక్కన పెట్టింది. "ఇయ్యి సారూ" అంది.

అధ్యక్షుడు పళ్లెం తన వైపు లాక్కున్నాడు. చేతిలో సగం కొరికిన బిస్కెట్టును ఏం చేయాలో తెలియక కిందపెట్టాడు.

"ఇవి ఏదైనా ప్రయోగం వల్ల ఇలా అయ్యాయా?"

"ఐసు వల్ల."

"ఐసులో ఏదైనా మందు కలిపారా?"

"ఏమీ కలపరు సారూ. ఐసే. అందరం అట్టాగే ఒలుస్తాం. గోళ్లు పోయినా ఒలుస్తాం."

అధ్యక్షుడి ముఖం తేటపడింది. వెనక్కి ఆనుకున్నాడు. "అయితే ఇబ్బంది లేదు. ప్రయోగం లేదు, మందు లేదు, శాస్త్రవేత్త లేడు. ఇది రూపాంతరం కాదు. ఉపాధి."

గోవర్ధనం ఒప్పుకున్నాడు. పైగా ఆ చేతుల మీద హెచ్చరిక పడితే రొయ్యల ఎగుమతి మీద దుష్ప్రచారం అవుతుందని ఇంకొక సభ్యుడు భయపడ్డాడు. కాబట్టి ఎక్కడ చేతులు కనిపించినా అక్షరాలు వాటిని పొరపాటున కూడా తాకకుండా చుట్టూ కత్తిరించి వేయాలని తీర్మానించారు.

నాకు అక్కడ ఒక దారి కనిపించింది. "అయ్యా, ఆ చేతులు ఆమెవే. ఆ ముఖమూ ఆమెదే. చేతులు నిజమైనప్పుడు ముఖం నిజం కాకుండా ఎట్లా పోతుంది?"

అధ్యక్షుడు నన్ను జాలిగా చూశాడు. పల్లెటూరి బళ్లో చదివినవాణ్ణి చూసే చూపు అది. నాకు అలవాటే.

"చేతులు షెడ్డువి. ముఖం సినిమాది. సంఘం పరిధి ముఖం వరకే" అన్నాడు.

బయటికొచ్చాక రాహేలు చేతులు కొంగులో చుట్టుకుని నడిచింది. బస్సు ఎక్కేముందు "నా చేతులు చూపించి ఉండాల్సింది కాదన్నా" అంది. ఆమె మీద కోపం లేదు. మిగతావాళ్ల మీద కోపం చాలా అవసరం, దాన్ని వేరేచోట ఖర్చు పెట్టలేను.

సినిమా విడుదలైంది. తెల్లకోటువాడు తప్ప తెర మీద అంతా అక్షరాలే. అక్షరాల వెనక ఎవరో కదులుతుంటారు. ఎవరో అరవబోతే గంభీరమైన గొంతు రూపాంతరం హానికరమని చదువుతుంది. సినిమా ఆడదని అందరూ అనుకున్నారు. మొదటి ఆటకు జనం ఈలలేసి తిట్టారు. రెండో ఆటకు నిశ్శబ్దమైపోయారు. ప్రభుత్వమే కప్పిందంటే వెనక ఇంకెంత భయంకరమైనది ఉందోనని ఎవరో అన్నారు. ఆ మాట పాకింది. మర్నాటి నుంచి టిక్కెట్లు దొరకలేదు.

జనం భయపడుతున్నారని సంఘానికి తెలిసింది. భయపడటం కూడా ఒక లక్షణమేనని గోవర్ధనం చెప్పాడు. దాంతో హాలు బయట డాక్టర్లను పెట్టారు. ఆట వదిలాక ఆడవాళ్లను ఒకవైపు, మగవాళ్లను ఒకవైపు నిలబెట్టి వీపులు తడిమేవారు. గరుకుగా ఉన్నవాళ్లను బెంచీ మీద కూర్చోబెట్టి చెమటకాయలని తేలేదాకా వదిలేవారు కాదు. జిల్లాలో హాళ్లు ఎక్కువ, డాక్టర్లు తక్కువ. పెద్దాసుపత్రిలో జ్వరాల వార్డు ముందు డాక్టర్లు సినిమా విధుల్లో ఉన్నారని బోర్డు పెట్టారు. రోగుల తాలూకు కొందరు తెలివిగలవాళ్లు మంచంలో ఉన్నవాళ్లను ఆటోలో హాలుకు తీసుకొచ్చి, టిక్కెట్టు కొని లోపల కూర్చోబెట్టి, బయటికొచ్చేటప్పుడు వీపుతోపాటు జ్వరమూ చూపించుకున్నారు. అలా కొందరు బతికారు. సామ్రాజ్యం పోయినప్పుడు ఈ సదుపాయం లేదు.

నేను ఆ సినిమాకు వెళ్లలేదు. అక్షరాలు చూడ్డానికి పత్రిక చాలు.

'పెంకు' ఉత్తమ ప్రజారోగ్య చిత్రంగా ఎంపికైంది. చక్రధర్ ఇప్పుడు హెచ్చరిక చిత్రాలు తీయడంలో నిపుణుడని, అతని చేతిలో ఇంకా చాలా హెచ్చరికలు ఉన్నాయని విన్నాను. బహుమతి సభకు నన్నూ పిలిచారు. రానన్నాను. కారు పంపారు. రాహేలు "పో అన్నా, వదిన పేరన్నా మైకులో వినపడుద్ది" అంది. వెళ్లాను.

వేదిక మీద శేషాచలపతి, గోవర్ధనం, నేను. ముందు తెర, కింద జనం, మొదటి వరసలో గడ్డం మళ్లీ పెంచిన చక్రధర్. అధ్యక్షుడు లేచి, ఒక సామాన్య శ్రామిక మహిళ తన ముఖాన్ని ప్రజల ఆరోగ్యం కోసం త్యాగం చేసిందని చెప్పాడు. పేరు చెప్పలేదు. సినిమాలోంచి అన్నిటికన్నా ప్రభావవంతమైన భాగం ఇప్పుడు చూపిస్తామని చెప్పాడు. దీపాలు ఆర్పారు.

టీ సీను వేశారు.

తెర నిండా అక్షరాలు. హానికరం, ప్రాణాంతకం. గంభీరమైన గొంతు చదువుతోంది. ఎక్కడా ముఖం లేదు, గ్లాసు లేదు, షెడ్డు లేదు. అప్పుడు కింద నుంచి ఒక చెయ్యి పైకి లేచింది. సంఘం చెప్పినట్టే అక్షరాలు దాని చుట్టూ జాగ్రత్తగా పక్కకు తప్పుకున్నాయి. మణికట్టు వెళ్లి ఒకచోట ఆగింది. తెల్లటి వేళ్లు బయటికి వేలాడాయి. గోళ్లు లేవు. పొరలు లేచిన తోలు కనపడుతోంది. తెర అంత పెద్దగా ఆ వేళ్లు ఊగాయి, ఆగాయి, మళ్లీ ఊగాయి.

జనంలో ఒకావిడ కెవ్వుమంది. ఒక పిల్ల ఏడుపు మొదలుపెట్టింది. మొదటి వరసలో ఎవరో కళ్లు మూసుకున్నారు.

ఊగడం ఆగేదాకా నేను చూశాను. ఎంతసేపు ఊగుతుందో నాకు తెలుసు. గుమ్మం దగ్గర నిలబడి చూసినవాణ్ణి.

"చూశారా ఎంత భయపడ్డారో" అని శేషాచలపతి నా చెవిలో అన్నాడు.

"నవ్వుతోంది" అన్నాను.

"ఎవరు?"

దీపాలు వెలిగాయి. సదరు మహిళ గురించి రెండు మాటలు చెప్పమని నా చేతికి మైకు ఇచ్చారు. జనం చప్పట్లు కొట్టారు. నేను మైకు బల్ల మీద పెట్టి కిందికి దిగి, కారెక్కకుండా నడిచి బస్టాండుకు వెళ్లాను.

ఎవరని శేషాచలపతి అడిగినదానికి ఆ రోజు నేను సమాధానం చెప్పలేదు. ఇక్కడ చెప్పాను. మళ్లీ ఎవరడిగినా, ఎక్కడడిగినా, దీని గురించి మాట్లాడను.